రూతమ్మగారి అగ్గిపెట్టెలు

సాయంత్రం దీపం కొండెక్కాక ఒత్తి కొసన ఎర్రటి చుక్క ఒకటి కాసేపు మిగిలి ఉంటుంది. మంట ఉండదు, వెలుగూ ఉండదు. కాలీ కాలని పత్తి వాసన మాత్రం సన్నగా గదంతా పాకుతుంది. బ్రాడీపేటలో మా మేడ మీది వాటాలో, కింద ఆటోల రొదా, ఎదుటి సందులో కోచింగ్ సెంటరు పిల్లల కేకలూ వినబడుతూనే ఉంటాయి. అయినా ఆ వాసన తగిలితే చాలు, నా వెనక ఎవరో వచ్చి నిలబడ్డట్టు అనిపిస్తుంది. తిరిగి చూడను. ఎనభై దాటాక కూడా దయ్యాల భయమేమిటత్తయ్యా అని మా కోడలు వేళాకోళం చేస్తుంది. దయ్యమైతే నాకేం బాధ లేదు, తాయెత్తు కట్టించుకునేదాన్ని. ఆ వాసనతోపాటు వచ్చేది రూతమ్మగారు. ఆవిడకు తాయెత్తులు పనిచేయవు.

అరవై రెండులో వేసవి సెలవుల తరవాత నేను ఉద్యోగంలో చేరాను. అద్దంకి దాటాక బస్సు దిగి, నల్లరేగడి మీద బండిబాట పట్టుకుని పోతే వచ్చే ఊరు. అక్కడ మిషన్ వారి బడికి రూతమ్మగారు హెడ్ మిస్ట్రెస్. పొడగరి. తెల్లచీర, నల్లంచు. గొంతు పెంచి మాట్లాడటం నేను వినలేదు. ఆవిడకొక అలవాటుండేది. ఏదైనా సరే అరచేత్తో తాకి చూస్తే తప్ప నమ్మేవారు కాదు. జ్వరమని చెప్పిన పిల్ల నుదురు, ఆరిందని చెప్పిన గోడ సున్నం, చల్లారిందని చెప్పిన పాలు, అన్నిటి మీదా ఒకసారి చెయ్యి పడాల్సిందే. నేను చేరిన కొత్తలో నిప్పు గురించి పాఠం చెప్పాను. పుస్తకంలో ఉన్నదంతా పొల్లు పోకుండా చెప్పి, నన్ను నేనే మెచ్చుకుంటూ బయటికొస్తే, వసారాలో నిలబడి ఉన్నారు.

"బాగా చెప్పావమ్మాయ్. నిప్పు ఎట్లా పుడుతుందో చెప్పావు. ఎట్లా పుట్టదో చెప్పలేదు."

"అదేముందండీ, కాలే వస్తువు, గాలి, వేడి. మూడూ కలిస్తేనే గదా."

"ఆ మూడింట్లో ఒకటి తీసెయ్యమని చెప్పాలి పిల్లలకి. ఈ ఊళ్ళో అసలు పాఠం అదే."

ఆ ఊళ్ళో అది ఎందుకు అసలు పాఠమో నాకు అర్థం కావడానికి ఎంతో కాలం పట్టలేదు. కోటయ్య, సుబ్బరామయ్య అని ఇద్దరు మోతుబరులు. అన్నదమ్ముల బిడ్డలు. ఒక గట్టు దగ్గర మొదలైన తగువు. ఒక ఏడు కోటయ్య గడ్డివామి తగలబడింది, మరుసటి ఏడు సుబ్బరామయ్య మిరప కల్లం. ఎవరు చేశారో చూసినవాళ్ళు లేరు. ఇద్దరికీ పత్తి నిలవ చేసుకునే కొట్టు చెరొకటి ఉండేది, పైన తాటాకు కప్పు. కోటయ్య కొట్టు ఊరికి ఈ చివర, బడి సందులో. సుబ్బరామయ్యది ఆ చివర. దాని వెనక గోడనానుకునే పల్లె పాకలు, ఊరు అంటరానివాళ్ళని దూరం పెట్టిన జనానివి. మా బడి పిల్లల్లో సగంమంది ఆ పాకల్లోంచే వచ్చేవారు. రూతమ్మగారు పుట్టింది కూడా అక్కడే. ఆవిడ అక్క కుటుంబం అప్పటికీ అక్కడే ఉంది. ఎండాకాలం గాలి వీచే రోజుల్లో ఆ కొట్టుకి నిప్పంటుకుంటే పాకల్లో పుల్ల కూడా మిగలదని ఊరందరికీ తెలుసు.

ఆ అక్టోబరులో పంచాయితీ రేడియో ముందు జనం కిక్కిరిసి కూర్చునేవారు. క్యూబా అనే పేరు అంతకుముందు ఎవరూ విని ఉండరు. ఉన్నట్టుండి అది పక్కూరి పేరంత పరిచయమైంది. ఒక సాయంత్రం ఎవరో అడిగారు, "పంతులమ్మగారూ, ఆ రెండు దేశాలోళ్ళు కొట్టుకుంటే మన చేల మీద గూడా పడుద్దంటారా?" అని. మామూలుగా అయితే ఆవిడ రెండు ముక్కలు చెప్పి లేచేవారు. ఆ రోజు ఏమనిపించిందో, ఎడ్లకు నీళ్ళు పెట్టే తొట్టి దగ్గరికి వెళ్ళి, ఈత నేర్చుకునే పిల్లల దగ్గర ఒక ఎండు సొరకాయ బుర్ర తీసుకుని, దాన్ని తొట్టి అడుగుదాకా అదిమి పట్టుకున్నారు.

"ఇదివరకు బాంబులు నేల మీద ఉండేవి. ఎక్కడున్నాయో కనిపెట్టి, ముందుగా మనమే కొట్టేస్తే అవతలివాడి పని అయిపోతుందని ఇద్దరికీ ఆశ ఉండేది. ఇప్పుడు వాటిని సముద్రం కింద తిరిగే పడవల్లో పెట్టారు. నెలా రెండు నెలలు పైకి రావు. తిండీ నిద్రా అన్నీ నీళ్ళ కిందే. కడుపులో బాణాలు వరసగా నిలబెట్టి ఉంటాయి. ఎక్కడున్నాయో ఎవరికీ తెలియదు. లోపలున్న మనుషులు పైనుంచి వచ్చే కబురు కోసం చెవులు రిక్కించుకుని వింటూ ఉంటారు. కబురొస్తే..."

చెయ్యి వదిలారు. సొరకాయ బుర్ర నీళ్ళు చీల్చుకుని ఇంతెత్తున ఎగిరింది. ముందు వరస వాళ్ళు తడిసిపోయి నవ్వారు. ఆవిడ నవ్వలేదు.

"పడవ లోపల గాలి ఒత్తిడి బాణాన్ని ఇట్లాగే నీళ్ళ బయటికి తోస్తుంది. పైకొచ్చాక దానికి నిప్పంటుకుంటుంది. అక్కణ్ణించి వెయ్యి మైళ్ళ పైగా పోతుంది. ఒక ఊరికి ఒకటి చాలు."

వెనక నిలబడి వింటున్న కోటయ్య గొంతు లేచింది. భారీ మనిషి, కండువా భుజం మార్చుకుంటూ అడిగాడు. "అంటే పంతులమ్మా, దేశమంతా బుగ్గయిపోయినాక గూడా ఆ పడవలోవాడు కొడతాడా?"

"కొడతాడని అవతలివాడు నమ్మాలి కోటయ్యగారూ. ఆ పడవ పనల్లా అదే."

"నమ్మితే చాలా?"

"చాలు. నమ్మినన్నాళ్ళు ఎవడూ ముందు చెయ్యెత్తడు."

"మరి పడవ యాడుందో తెలిస్తే?"

"తెలిస్తే ఇంక అది పడవ కాదు, గుంటలో చేప."

కోటయ్య తలాడించి వెళ్ళిపోయాడు. ఆ పక్కనే, రేడియో గది గోడకి ఆనుకుని సుబ్బరామయ్య కూడా విన్నాడని తరవాత గుర్తొచ్చింది. సన్నటి మనిషి, దీపం వెలుగులో ఉన్నా లేనట్టే ఉండేవాడు. ఇంటికి నడుస్తూ నేను, "ఎంత బాగా చెప్పారండీ, పిల్లకాయలకి కూడా అర్థమైంది" అన్నాను. ఆవిడ తడి చేతులు కొంగుకి తుడుచుకుని, "అవునమ్మాయ్, చాలా బాగా చెప్పాను" అన్నారు. తప్పు ఒప్పుకుంటున్నట్టుగా అన్నారు. నాకు అప్పుడు అంతు పట్టలేదు.

రేడియోలో ఆ గొడవ సద్దుమణిగింది. మా ఊళ్ళో మొదలైంది. ఒక ఉదయం రచ్చ దగ్గర పదిమందిలో కోటయ్య చెప్పాడట. "ఇనండి. నా పత్తి కొట్టుకి నిప్పంటుకుంటే, నేను బతికున్నా సచ్చినా, సుబ్బరామయ్య కొట్టు కాలుద్ది. ఆ పని ఒక మనిషికి అప్పజెప్పా. ఎవురో నాకూ ఆ మనిషికీ తప్ప దేవుడిక్కూడా తెలవదు." నెల తిరక్కుండా సుబ్బరామయ్య కూడా అదే రచ్చ దగ్గర, అంతకన్నా మెల్లగా, "నాకూ ఒక మనిషున్నాడు" అన్నాడు. అంతే. మిగతాది చెప్పాల్సిన అవసరం లేకపోయింది.

ఆ తరవాత ఊరు ఎట్లా ఉండేదో చూడనివాళ్ళకు చెప్పడం కష్టం. ఎవరూ ఎవర్నీ ఏమీ అనలేదు. ఒక్క రాయి పడలేదు. పొద్దున్నే పొయ్యి రాజేసుకోవడానికి పిడక ముక్క పట్టుకుని పక్కింటికి వెళ్ళి నిప్పు తెచ్చుకోవడం అక్కడి ఆడవాళ్ళకు అలవాటు. అది ఆగిపోయింది. నిప్పు అడగడానికి భయం, ఇవ్వడానికి భయం. చుట్ట నోట్లో పెట్టుకుని వెలిగించుకోకుండా నమిలేవారు ముసలివాళ్ళు. చిల్లర కొట్లో అగ్గిపెట్టె కొన్నవాళ్ళు దాన్ని కొంగులో దాచుకుని వచ్చేవారు, దొంగసొత్తు లాగా. దారిలో ఎదురైనవాళ్ళు ముందు చేతుల వైపు చూసి, తరవాత మొహం చూసేవారు. నువ్వేనా అని అందరి కళ్ళూ అడిగేవి, నోరు మాత్రం కుశల ప్రశ్నలు వేసేది. బడిలో పిల్లలు కొత్త ఆట కనిపెట్టారు. అందరూ కళ్ళు మూసుకుని కూర్చుంటే ఒకడు చుట్టూ తిరిగి ఎవరో ఒకరి వీపు మీద వేలు పెడతాడు. వాడు పడవ. తరవాత అందరూ కళ్ళు తెరిచి, ఊరికే ఒకరినొకరు చూసుకుంటూ కూర్చోవాలి. ఆటంతా అదే. గెలుపూ లేదు, ఓటమీ లేదు. ఒక విరామంలో ఆ పిల్లలు చప్పుడు లేకుండా కూర్చుని ఉండటం కిటికీలోంచి చూశాను. రూతమ్మగారు వెళ్ళి బెల్లు కొట్టేశారు, విరామం పూర్తి కాకముందే.

సైదులు అని దూదేకే మనిషి ఉండేవాడు. పొద్దున్నే అతని విల్లు చప్పుడు ఊరికి గడియారం. ఇద్దరు మోతుబరుల ఇళ్ళల్లోనూ అతనే పరుపులు కుట్టేవాడు, రెండు కొట్లలోనూ తిరిగేవాడు. ఆ రోజుల్లో అనుమానానికి అది చాలు. జనవరిలో సుబ్బరామయ్య మనుషులు వెళ్ళి అతని విల్లు విరిచి, తెల్లారేసరికి ఊరొదిలి పొమ్మన్నారు. సైదులు ఒట్లు వేశాడు. ఒట్టు వేసేవాణ్ణి మరీ అనుమానించాలని అప్పటికి ఊరు నేర్చుకుంది. పెళ్ళాం, పిల్లలు, విరిగిన విల్లు ఎక్కించుకుని బండి బడి ముందు నుంచి వెళుతుంటే, వెనక కూర్చున్న చిన్నపిల్ల మా బడిదే, అలవాటుగా రూతమ్మగారికి చెయ్యెత్తి నమస్కారం పెట్టింది.

ఆవిడ గేటు దగ్గరే చాలాసేపు నిలబడ్డారు. తరవాత వంట వసారాలోకి వచ్చారు. బడి పిల్లలకు పాలపొడి కలిపి కాచి ఇచ్చే రోజులవి. ఆ పూట పొయ్యి ఆవిడే వెలిగించారు. ఒక పుల్ల గీశారు, అంటుకుంది. ఇంకోటి గీసి పొయ్యిలో వేశారు. ఇంకోటి. పెట్టెలో పుల్లలన్నీ అయిపోయాక ఇంకో పెట్టె తీశారు. "అంటుకుందండీ, పాలు పొంగుతున్నాయి" అన్నాను. వినిపించుకోలేదు. చివరి పుల్ల కూడా మంటలో పడ్డాక, పొయ్యి మీంచి గంగాళం దించి, పిల్లల్ని పిలవమన్నారు. కోపంలో మనుషులు ఏవేవో చేస్తారు గదా అనుకున్నాను.

పత్తి తీతలు మొదలయ్యాక ఒకరోజు ఆవిడతో కలిసి కోటయ్య ఇంటికి వెళ్ళాను. ఆయన మనవరాలిని బడి మాన్పించారు, ఆ సంగతి అడగడానికి. నన్ను లోపలికి రమ్మన్నారు. ఆవిడని అరుగు దగ్గరే నిలబెట్టి మాట్లాడారు. ఎప్పుడూ అంతే. ఊళ్ళో తగువులు తీర్చడానికి పంతులమ్మ మాట కావాలి, మంచినీళ్ళు మాత్రం పంతులమ్మ తాగిన గ్లాసులో వద్దు. నేనూ లోపలికి వెళ్ళలేదు. తిరిగి వచ్చేటప్పుడు సందులో ఆయన పత్తి కొట్టు పక్కన నడుస్తూ ఆవిడ ఆగిపోయారు. గోడ మీద అరచెయ్యి ఆనించారు. తరవాత నా చెయ్యి పట్టుకుని అక్కడే పెట్టించారు. మట్టిగోడ. మనిషి ఒంటి మీద చెయ్యి వేసినట్టు వెచ్చగా ఉంది. నాకు చటుక్కున చెయ్యి తీసుకోబుద్ధయింది.

"కోటయ్యగారూ, గోడ వెచ్చగా ఉంది" అని వెనక అరుగు మీదే ఉన్న ఆయన్ని కేకేశారు.

"ఎండ గదా పంతులమ్మా."

"ఇది ఉత్తరం గోడండీ. దీని మీద ఎండెక్కడిది? పత్తి తడి మీద ఎత్తించారా?"

ఆయన దగ్గరికొచ్చి గొంతు తగ్గించాడు. "మంచు ఆరకముందే ఏరించి లోపలేయించా. సగం ఎండిన జొన్నచొప్ప గూడా లోపలికే తోయించా. బయట వామి ఏస్తే ఆడు ఊరుకుంటాడా? కిటికీలు గూడా మట్టితో మెత్తించా, ఈగ దూరడానికి లేకండా."

చొప్ప ఇంట్లో వేసుకున్న రైతుని ఆ సీమలో అంతకుముందు ఎవరూ చూసి ఉండరు. వామి ఉండాల్సింది ఆరుబయట, గాలికి. రూతమ్మగారు చాలా నెమ్మదిగా చెప్పారు. "తడి చొప్ప, తడి పత్తి తొక్కిపెడితే లోపల తనంత తనే వేడెక్కుతుంది. ఇవాళే తీయించి ఆరబోయండి. బయటినుంచి ఎవరూ నిప్పు పెట్టక్కర్లేదు."

"తలుపు తీస్తే ఆడి మనిషి నిప్పేస్తాడు పంతులమ్మా" అన్నాడు కోటయ్య. ఆ మాట అంటూ ఆవిడ మొహంలోకి అదోలా చూశాడు. నాకు మాత్రం ఆ చూపు అప్పుడు వింతగా తోచింది.

మార్చిలో ఒక మధ్యాహ్నం ఎక్కాలు చెప్పిస్తుంటే ఆ వాసన వచ్చింది. పొగ లేదు, మంట లేదు. ఆరిపోయిన ఒత్తి వాసన, కానీ ఊరంత పెద్ద ఒత్తి. పిల్లలు ఒక్కసారిగా ఎక్కం ఆపేశారు. సందులో కోటయ్య పరుగెత్తుకుంటూ వచ్చి కొట్టు తలుపు గొళ్ళెం లాగడం కిటికీలోంచి చూశాను. తలుపు తెరిచాడు, లోపలికి గాలి వెళ్ళింది. అన్నాళ్ళూ లోపల పడుకుని ఉన్నది లేచి నిలబడింది. ఆయన వెనక్కి పడ్డాడు గనుక బతికాడు. గాలి ఆ పూట పొలాల వైపుకు ఉంది గనుక బడి బతికింది. సాయంత్రానికి నాలుగు మొండిగోడలు మిగిలాయి. వాటి మధ్య పత్తి ఎర్రగా, చప్పుడు లేకుండా, ఇంకా కాలుతూనే ఉంది.

అప్పుడు అందరూ అటు తిరిగారు, ఊరి ఆ చివరికి. సుబ్బరామయ్య కొట్టు వైపు.

పల్లెలో జనం ఎవరూ చెప్పకుండానే పాకల మీది తాటాకు లాగి పడేశారు. పిల్లల్ని, మేకల్ని, కుండల్ని బయట పెట్టుకుని, కప్పులేని గోడల పక్కన కూర్చున్నారు. మా బడి పిల్లలు తడి గోనెపట్టాలు పట్టుకుని కూర్చోవడం చూశాను. సుబ్బరామయ్య తన పత్తినంతా పొలంలోకి తోలించి, బానలతో నీళ్ళు పెట్టుకుని, దాని ముందు మంచం వేసుకున్నాడు. దారిన పోయేవాళ్ళందరితో, "నేను గాదు, నా బిడ్డల మీద ఒట్టు" అని చెప్పేవాడు. ఒట్టు వేసేవాణ్ణి అనుమానించాలని ఊరికి నేర్పింది ఆయనే. రోజులు గడిచాయి. ఏమీ జరగలేదు. ఏమీ జరగకపోవడం ఎంత భయంకరంగా ఉంటుందో నాకు అప్పుడే తెలిసింది. ఎవరో ఒకరు వింటున్నారు, కబురు అందింది, చెయ్యి ఇంకా లేవలేదు, అంతే. పల్లె ఆడవాళ్ళు తాటాకు మళ్ళీ కప్పుకోవడానికి ధైర్యం లేక ఎండలో పిల్లల్ని పడుకోబెట్టుకుంటున్నారు.

అట్లాంటి ఒక రోజు మధ్యాహ్నం విరామంలో కోటయ్య బడికి వచ్చాడు. చొక్కా మీద ఇంకా మసి ఉంది. నేను లేవబోతే రూతమ్మగారు కూర్చోమని చెయ్యి చూపించారు. "అమ్మాయి ఉంటుంది. చెప్పండి" అన్నారు.

ఆయన నా వైపు చూసి, ఇక దాచడానికి ఓపిక లేనట్టు అన్నాడు. "మాటిచ్చారు పంతులమ్మా."

"ఇచ్చాను."

నా చేతిలో సుద్దముక్క విరిగింది.

"మరి?"

"సుబ్బరామయ్యగారు కాల్చలేదు. మీ తడి, మీ చొప్ప, మీరు మూసిన కిటికీలు. ఆ రోజే చెప్పాను."

"ఎవురు కాలిస్తే ఏంది? నాది కాలితే ఆడిది కాలాలన్నది మాట."

"ఆయన కొట్టు వెనక ఏముందో మీకు తెలుసా?"

కోటయ్య నిజంగానే ఆలోచించాడు. ఆయన నటించలేదు, అదే నాకు ఇప్పటికీ మండిపోయే సంగతి. "ఏముంటది? పాకలు" అన్నాడు.

"ఆ పాకల్లోనే నేను పుట్టాను."

తన శత్రువు కొట్టు కాల్చమని ఎవరి చేతికి అగ్గిపెట్టె ఇచ్చాడో, ఆ మనిషికి ఒక పుట్టిల్లు ఉంటుందని ఆయనకు తోచనే లేదు. పగవాడి గోడ ఒక్కటే కనబడింది, దాని వెనక మనుషులు కనబడలేదు.

"ఊళ్ళోకి వెళ్ళి చెప్పుకోండి" అన్నారు రూతమ్మగారు. "నా మనిషి మాట తప్పిందని రచ్చ దగ్గర చెప్పండి. నేను కాదనను."

"చెబితే ఇంకేముంది? నాకెవురూ లేరని తెలిసిపోద్ది."

"అందుకే చెప్పరు."

ఆయన గుమ్మందాకా వెళ్ళి వెనక్కి తిరిగాడు. పెద్ద మనిషి, చిన్నపిల్లాడి గొంతుతో అడిగాడు. "ఎప్పటికీ కొట్టరా?"

"ఆ సంగతి మీక్కూడా తెలియకూడదు కోటయ్యగారూ."

ఆయన వెళ్ళాక ఆవిడ బీరువా తెరిచి, అడుగున గుడ్డ మడతలోంచి రెండు అగ్గిపెట్టెలు తీసి బల్ల మీద పెట్టారు. ఒకటి కోటయ్యగారిది అన్నారు. రెండోది ఎవరిదని అడిగాను. అడుగుతుండగానే తెలిసిపోయింది, అయినా ఆవిడ నోట వినాలనిపించింది.

"సుబ్బరామయ్యగారిది. కోటయ్యగారు వచ్చి వెళ్ళిన నెలకి ఈయన వచ్చారు. ఇదే కుర్చీ. ఇద్దరూ ఒకటే మాటన్నారు. మీరు మాట తప్పరు, మిమ్మల్ని ఎవరూ అనుకోరు అని." కాస్త నవ్వారు. "గడప లోపలికి రానివ్వని మనిషిని ఎవరు అనుకుంటారులే."

"ఇద్దరికీ ఒప్పుకున్నారా?"

"ఒప్పుకోకపోతే ఒప్పుకునేవాణ్ణి వెతుక్కుంటారు. వాడికి ఆ పాకల్లో అక్క ఉండదు. ఆ తొట్టి దగ్గర పాఠం చెప్పింది నేనేగా. పడవ కూడా నేనే అయితే, అది ఎప్పటికీ కొట్టదు అనుకున్నాను."

ఆ రోజే పల్లెకు వెళ్ళి, తాటాకు కప్పుకోమని అక్కకు చెప్పారు. ఎందుకని అక్క అడగలేదు. చెల్లెలు చేత్తో తాకకుండా దేన్నీ నమ్మదని ఆవిడకు తెలుసు. ఒక పాక కప్పడం చూసి మిగతావాళ్ళూ కప్పుకున్నారు. కోటయ్య నోరు విప్పలేదు. ఇంకా సమయం రాలేదేమోనని ఊరు అనుకుంది. సుబ్బరామయ్య ఆ మంచం మీదే ముసలివాడైపోయాడు. నేను ఉన్నన్నాళ్ళూ ఆ ఊళ్ళో వామి కాలలేదు, కల్లం కాలలేదు. శాంతి అంటే అదేనా అని ఎవరైనా అడిగితే నాకు కోపం వస్తుంది, ఎందుకంటే జవాబు తెలియదు. సైదులు విల్లు చప్పుడు మాత్రం మళ్ళీ వినపడలేదు. అతనికి పొన్నూరులో ఒక బియ్యం మిల్లులో పని ఇప్పించారని ఆవిడే చెప్పారు, మొహం పక్కకి తిప్పుకుని.

ఆవిడ రిటైరై వెళ్ళేనాడు నన్ను పిలిచి ఆ గుడ్డ మూట నా చేతిలో పెట్టారు. "ఇద్దరూ వచ్చారమ్మాయ్. మీరు వెళ్ళిపోతే ఎట్లా అన్నారు. ఇంకొకరికి అప్పజెప్పానని చెప్పాను. ఎవరో చెప్పలేదు."

మూట చేతిలో బరువు లేదు. విప్పి పెట్టెలు తెరిస్తే రెండూ ఖాళీ. నేను ఆవిడ వంక చూశాను.

"పాలపొయ్యి దగ్గర నువ్వు చూశావుగా" అన్నారు. "సైదులు బండి వెళ్ళిన రోజు."

"ఎందుకండీ? మీరు ఎట్లాగూ కాల్చేవారు కాదుగా."

ఆవిడ తన అరచేతిని తనే చూసుకున్నారు. "నేనూ అట్లాగే అనుకుని ఒప్పుకున్నాను. ఆ పిల్ల బండి మీంచి నమస్కారం పెట్టిందే, అప్పుడు ఈ చెయ్యి ఊరుకోలేదమ్మా. సుబ్బరామయ్య కొట్టు కాల్చాలనిపించింది. పాకలు గుర్తున్నాయి, అక్క గుర్తుంది, అయినా అనిపించింది. నేనే ఆ మనిషినని చెబితే సైదుల్ని ఆపగలిగేదాన్ని. చెబితే తరవాత ఆ పాకలేమవుతాయో తెలియదు. చెప్పలేదు. అది నాతోనే వస్తుంది. పుల్లలు మాత్రం నా దగ్గర ఉంచుకోలేకపోయాను."

"అణా పెడితే చిల్లర కొట్లో ఇంకో అగ్గిపెట్టె వస్తుంది గదండీ" అన్నాను. ఏడుపు ఆపుకోవడానికి అన్నాను.

"వస్తుంది. కానీ కొట్టుదాకా నడవాలిగా. ఆ నడకలో మనిషికి మనసు మారుతుంది."

రూతమ్మగారు పోయి చాలా ఏళ్ళయింది. కోటయ్య, సుబ్బరామయ్య ఆవిడకన్నా ముందే పోయారు. మన దేశానికి కూడా ఇప్పుడు అట్లాంటి పడవలున్నాయని పేపర్లో ఫొటో వేస్తే, మా మనవడు గర్వంగా తెచ్చి చూపించాడు. నల్లటి వీపు, చుట్టూ నీళ్ళు. నేను ఆ ఫొటోలో మనిషి కోసం వెతికాను. లోపల ఎక్కడో ఎవరో ఒకరు కబురు కోసం వింటూ కూర్చుని ఉంటారు. వాళ్ళకొక అక్క ఉందా, వాళ్ళ చేతికీ ఆ పుల్లకీ మధ్య కాస్తైనా నడక ఉందా అని అడగాలనిపిస్తుంది. అడిగితే చెప్పరు. చెప్పకూడదు కూడా. దాని పనల్లా అదే.

మొన్నీమధ్య కళ్ళ డాక్టరు దగ్గర ఒక నడివయసు మనిషి నన్ను పోల్చుకుని పలకరించాడు. కోటయ్య మనవడట. సుబ్బరామయ్య మనవడూ ఇతనూ ఎదురెదురుగా మిర్చి కోల్డ్ స్టోరేజీలు కట్టుకున్నారట, కోర్టులో కేసులున్నాయట. మాటల్లో నవ్వుతూ అన్నాడు. "మా తాత పోయేముందు ఒక మాట చెప్పాడు టీచర్ గారూ. రెండు వైపులా ఎవరో ఒకరున్నారు, జాగ్రత్తరా అని. చాదస్తం గాకపోతే, ఇన్నేళ్ళ తరవాత ఇంకా ఉంటారా?"

నేను అతని చేతుల వైపు చూశాను. తరవాత మొహం చూశాను.

"ఉన్నారు బాబూ" అన్నాను.

అతని నవ్వు ఆగిపోయింది. "ఎవరండీ?" అన్నాడు. డాక్టరు గారి దగ్గర పనిచేసే అమ్మాయి నా పేరు పిలిచింది, లేచి లోపలికి వెళ్ళిపోయాను.

ఇంటికొచ్చి దీపం పెట్టబోయాను. దేవుడి గూట్లో ఆ రెండు ఖాళీ పెట్టెలు ఉంటాయి. నిజం అగ్గిపెట్టె వంటింట్లో, ఆ చివరి అలమార మీద ఉంటుంది. మోకాళ్ళ నొప్పులతో అంత దూరం ఎందుకత్తయ్యా, ఇక్కడే పెట్టుకోవచ్చుగా అంటుంది మా కోడలు, రోజూ. పెట్టుకోవచ్చు. గోడ పట్టుకుని మెల్లగా నడిచి వెళ్ళి తెచ్చుకుంటాను.